సత్యకాముని తల్లి

1971వ సంవత్సరము నవంబరు నెలలో 'పున్నగై' అను తమిళ చలనచిత్రము వెలువడినది. పున్నగై యనగా చిరునవ్వు. దర్శకుడు కె. బాలచందరు. విద్య ముగించుకొని లోకమున అడుగిడబోవు కొందరు మిత్రులు, ఏమి వచ్చినను సత్యము తప్పమని ప్రతిన పూనుదురు. ప్రతిన నిలుపుకొన్నవాడు దరిద్రుడగును. తక్కినవారు లోకము పోకడను బట్టి సర్దుకొందురు. ఆ యువకుని వేషము ధరించిన జెమినీ గణేశనునకు అప్పటికి ఏబదియేండ్లు. ప్రణయనాయకుడని పేరుమోసిన యా నటుని కళాశాల విడిచిన కుర్రవానిగా చూచినప్పుడు నాకు మొదట నవ్వు వచ్చినది. రెండవమారు చూచునప్పటికి ఆ నవ్వు పోయినది.

చిత్రము వచ్చిన కాలమును కూడ గమనింపవలెను. ఆ యేటి ఆగస్టు నెలాఖరుననే తమిళనాడు ప్రభుత్వము మద్యనిషేధమును ఎత్తివేసినది. 1937లో రాజగోపాలాచారిగారు సేలము జిల్లాలో ఆరంభించిన వ్రతమది. స్వాతంత్ర్యమునకు పూర్వము పట్టిన వ్రతములను దేశము ఒక్కొక్కటిగా విడుచుచున్న దినములలో, విడువని వాడొకడు తెరమీదికి వచ్చెనన్న మాట.

ఈ కథ తమిళదేశమున పుట్టినది కాదు. 1969లో హృషీకేశ ముఖర్జీ హిందీలో తీసిన 'సత్యకామ్' దీనికి మూలము. దానికి మూలము నారాయణ సన్యాల్ వ్రాసిన వంగనవల. సన్యాల్ వృత్తిచేత ఇంజనీరు. అందుచేతనే కాబోలు, హిందీచిత్రములోని ధర్మసంకటములు యాగశాలలలోగాక కట్టడములలోను, కంట్రాక్టరుల కాగితములలోను పుట్టును. నాయకుడు సత్యప్రియుడు ఇంజనీరు. లంచము పుచ్చుకొనడు, దొంగపనికి చేవ్రాలు చేయడు, ఏ కొలువునను నిలువడు. అతని మిత్రుడు నరేంద్రుడు కొంచెము వంగినవాడు, కొంచెము బాగుపడినవాడు. కథ చెప్పువాడతడే. వంగినవాడే వంగనివానిని కొలుచుట ఈ కథలోని గొప్ప యుపాయమని నా యభిప్రాయము. లోకమున మనమందరము నరేంద్రులమే గదా!

ఇక ఆ పేరు. ఛాందోగ్యోపనిషత్తు నాల్గవ యధ్యాయములోని సత్యకాముని కథ చదువరులెరిగినదే. గురుకులమునకు పోదలచిన బాలుడు తల్లి జబాలను తన గోత్రమడిగెను. యౌవనమున పెక్కుచోట్ల పరిచర్య చేయుచు నిన్ను కంటిని, నీ గోత్రము నేనెరుగనని యామె చెప్పెను. బాలుడామాటనే హారిద్రుమతుడగు గౌతమునితో చెప్పెను. గౌతముడు మెచ్చి యుపనయనము చేసి, బక్కచిక్కిన నాలుగువందల గోవుల నప్పగించెను. అవి వేయియగువరకు మరలిరానని బాలుడు పలికెను. శంకరులు తమ భాష్యమున జబాల మాటకు వేరొక సందర్భము కల్పించిరి: భర్తృగృహమున అతిథిసేవలో మునిగి ఆమె గోత్రమడుగలేదట, అంతలో భర్త మరణించెనట. 1896లో రవీంద్రుని 'చిత్ర' సంపుటమున వెలువడిన 'బ్రాహ్మణ' యను కవితలో ఆ ముసుగు లేదు.

ఈ కథను ఇరువదియేండ్లుగా పాఠశాలలో చెప్పుచున్నాను. ప్రతిమారును పొగడ్త బాలునికే. ఈ చిత్రములను చూచిన పిమ్మటనే నాకొకటి తోచినది. బాలుడు చెప్పినది తాను విన్నమాట. ఆ మాటకై సిగ్గు భరింపవలసినది చెప్పిన తల్లి. మొదట సత్యము పలికినది జబాల.

సత్యప్రియుని యింటిలోను అంతే. రంజన యను నిస్సహాయ తన్ను కాపాడుమని వేడినప్పుడు ఈ సత్యసంధుడు తటపటాయించెను. ఆమె బలాత్కారమునకు గురియైన తరువాతనే పెండ్లాడెను. ఆమెకు పుట్టిన బిడ్డకు తండ్రియయ్యెను. కొలువు పోయినప్పుడెల్ల మూటకట్టినది రంజన; చాలనిదానితో వండినది రంజన. మన హరిశ్చంద్రుని కథలో చంద్రమతి వంతు గుర్తు వచ్చుటలేదా? అచట చివరకు దేవతలు దిగివచ్చి రాజ్యమిచ్చిరి. ఇచట ఎవ్వరును దిగిరారు.

స్వవిషయమొకటి చెప్పుదును. కొన్నియేండ్ల క్రిందట నా చిన్ననాటి స్నేహితుడొకడు తన కుమారుని పుట్టినతేదీని బడిరిజిస్టరులో మార్చుమని యడిగినాడు. ఒక యేడు తగ్గించిన ముందుముందు ఉద్యోగమునకు మేలని వాని యాశ. వల్లకాదంటిని. వాడు మరల మా గడప తొక్కలేదు. నేనది చాలకాలము గొప్పగా చెప్పుకొంటిని. ఒకనాడు మా యింటిలో ఆమె, "మీ స్నేహము మీరు వదులుకున్నారు సరే, వాళ్లావిడతో నా స్నేహం కూడా పోయింది. ఒక్కమాట నన్నడిగారా?" అన్నది. ఇప్పుడైనను ఆ తేదీ మార్చను. కాని అడుగవలసిన మాట అడుగలేదన్నది నిజము.

హిందీచిత్రపు చివరిఘట్టము నన్ను విడువదు. వ్యాధిచేత మాటపడిపోయిన సత్యప్రియుడు, తన తరువాత భార్యాబిడ్డల గతియేమని, జీవితమున మొదటిసారి తప్పుడు కాగితముపై చేవ్రాలు చేసి ఆమెకందించును. ఆకలి యెరిగిన రంజన దానిని చింపివేయును. అది చూచి రోగి మొగమున చిరునవ్వు కదలును. తమిళచిత్రము పేరు తలచినప్పుడెల్ల నాకదియే కనబడును. అతడు చనిపోయిన పిదప, ఆ బాలుడెందుకు కర్మ చేయరాదో నలుగురిలో చెప్పలేక తాతగారు తప్పించుకొనజూచును. అప్పుడు బాలుడే, తాను ఆ తండ్రి కన్నబిడ్డ కానని స్పష్టముగా పలుకును. ఎవరు చెప్పిరి? తల్లియే చెప్పినది. ఆ ముసలివాని శాస్త్రాభిమానము ఆ క్షణమున కరగిపోవును.

ఈ సంవత్సరము పాఠము ముగిసిన పిమ్మట ఒక బాలిక లేచి, సత్యకాముడు గోవులతో అడవికి పోయిన తరువాత వాళ్లమ్మ యేమైనదండీ, అని యడిగినది. పుస్తకము మరల తిరుగవేసితిని. గోవులు వేయి యగును. వృషభము, అగ్ని, హంస, మద్గుపక్షి బాలునికి బ్రహ్మోపదేశము చేయును. అతడు తానే గురువగును. జబాల పేరు మాత్రము, కుమారుని 'జాబాల' నామమున తప్ప, అందు మరల వినబడదు.