తివాచీలకు, జంపఖానాలకు పట్టే చెద

తివాచీని తినే చెద తివాచీలో పుట్టదు. దాని గూడు నేలలో ఉంటుంది. తేమ కోసం, రాణిని మేపడం కోసం కూలి పురుగులు మళ్లీ నేలలోకే పోతాయి. జగిత్యాల జిల్లా మల్యాల మండలంలోని కొండగట్టు పరిసరాల్లో గుట్టల అంచున, మామిడి చెట్ల మొదళ్ల దగ్గర చెదను ఎరగనివారుండరు. అయినా మందు కొట్టేటప్పుడు చాలామంది తివాచీ మీదే కొట్టి ఊరుకుంటారు.

చెద తిండి సెల్యులోజ్. పత్తి, జనపనార, కాగితం, కలప అన్నిట్లోనూ అది ఉంటుంది. కనుక నూలు జంపఖానాలకు, షత్రంజీలకు ముప్పు ఎక్కువ. 2018లో భౌగోళిక గుర్తింపు పొందిన వరంగల్ షత్రంజీలు ఈ కోవలోవే. ఉన్నిలో ఉండేది కెరటిన్ అనే మాంసకృత్తు. చెదకు అది అరగదు. కానీ ఏలూరు తివాచీల వంటి ముడుల నేతలో పైన ఉన్ని కుచ్చు ఉన్నా, అడుగున పడుగు సాధారణంగా నూలుదే. చెద కింది నుంచి ఆ నూలును కొరికేస్తే పై రంగులు బాగానే కనిపిస్తాయి, చేయి వేస్తే కుచ్చులు ఊడి వస్తాయి. నైలాన్, పాలిప్రొపిలీన్ తివాచీలు దానికి పనికిరావు. వాటి అడుగున జనపనార పొర ఉంటే దానికి మాత్రం పట్టవచ్చు.

చెదను గుర్తించాలంటే అంచు ఎత్తి అడుగు చూడాలి. గోడ మొదలు నుంచో, బండల సందు నుంచో బయల్దేరిన సన్నటి మట్టి దారులు కనిపిస్తాయి. తాండూరు, షాబాదు బండలు పరిచిన పాత ఇళ్లలో సందుల్లోని పూత రాలిన చోట్లే వీటికి వాకిళ్లు. దారిని కొంత గీకి వదిలేయాలి. ఒకటి రెండు రోజుల్లో మళ్లీ కట్టి ఉంటే గూడు బతికే ఉంది. తొలకరి తర్వాత గడపల దగ్గర రాలే ఉసిళ్ల (రెక్కల చెద) రెక్కలు మరో గుర్తు. ఉసిలికి నాలుగు రెక్కలూ ఒకే పొడవు, నడుము సన్నగా ఉండదు. రెక్కల చీమకు ముందు రెక్కలు పెద్దవి, నడుము నొక్కినట్టు ఉంటుంది.

ఉన్ని మీద అక్కడక్కడ బట్టతలలా మచ్చలు పడి, మట్టి జాడ లేకుండా నూగు లార్వాలు, వాటి పొట్టు కనిపిస్తే అది చెద కాదు. తివాచీ పెంకుపురుగు పనో, బట్టల చిమ్మెట పనో అయి ఉంటుంది. వాటికి చెదమందు వాడటం డబ్బు దండగ.

చెద పట్టిన తివాచీని బయటికి తెచ్చి, మట్టి దులిపి, కర్రతో కొట్టి ఎండలో ఆరేయాలి. చెద ఒళ్లు పలచన; ఎండకు త్వరగా తేమ కోల్పోయి చస్తుంది. గూటికి దూరమైన కూలి పురుగులు మళ్లీ సంతతి పెంచలేవు కాబట్టి తివాచీకి ఇంతకు మించిన వైద్యం అక్కర్లేదు. పసిపిల్లలు పడుకునే జంపఖానా మీద పురుగుమందు చల్లనే కూడదు. కిరోసిన్ పోస్తే కనిపించినవి చస్తాయి, గూడు చావదు, పైగా నిప్పు భయం.

అసలు చికిత్స నేలకు. కట్టిన ఇంట్లో గోడ, నేల కలిసే చోట సుమారు 30 సెంటీమీటర్లకొకటి చొప్పున 12 మిల్లీమీటర్ల రంధ్రాలు వేసి, ఇమిడాక్లోప్రిడ్ వంటి అనుమతి ఉన్న మందును డబ్బా మీది మోతాదులో కలిపి మట్టిలోకి ఎక్కించి, రంధ్రాలు మూసేస్తారు. బోరు, బావి దగ్గరుంటే మందు నీళ్లలో కలవకుండా చూసుకోవాలి. ఇది శిక్షణ ఉన్నవారు చేయాల్సిన పని.

పెరట్లో పుట్ట తవ్వితే చెద పోతుందన్న నమ్మకం సగమే నిజం. నాగుల పంచమికి పాలు పోసే పుట్టను తవ్వడానికి ఇంటివాళ్లు ఎలాగూ ఒప్పుకోరు. ఒప్పుకున్నా, ఇళ్లలోకి వచ్చే చెద జాతులు చాలావరకు పైకి పుట్ట పెట్టకుండా నేల లోపలే కాపురముంటాయి.

తివాచీ కింద ప్లాస్టిక్ కాగితం పరచడం మేలు చేయదు. తేమ అడుగున నిలిచిపోతుంది. కారే కుళాయిని బాగు చేయించి, బండల సందులు సిమెంటుతో పూడ్చి, వాడని జంపఖానాలను గోడకు తగలకుండా ఇనుప మంచం మీదనో, ఎత్తైన అరలోనో ఉంచి, వానకాలంలో అప్పుడప్పుడు తీసి విప్పి చూడాలి.