దీపం తనని తాను చూపించుకుంటుందా?

చాలా ఏళ్ళ క్రితం మాట. ఓ రాత్రి పదకొండింటికి మా టీములో కొత్తగా చేరిన కుర్రాడు ఫోన్ చేసి "అన్నా, ఆర్డర్లు రావట్లేదు, ఏదో తేడాగా ఉంది" అన్నాడు. డాష్‌బోర్డు తెరిచి చూశాను. అన్నీ పచ్చగా కళకళలాడుతున్నాయి. "అంతా బానే ఉంది కదా, పడుకో" అన్నాను. తెల్లారాక తేలిందేమిటంటే, సర్వర్లని కనిపెట్టి ఉండాల్సిన ప్రోగ్రామే సాయంత్రం ఐదింటికి చచ్చిపోయింది. నేను చూసిన పచ్చరంగు ఐదింటినాటిది! పొద్దున్న మీటింగులో మాట పడింది మాత్రం ఆ కుర్రాడే, "గట్టిగా ఎందుకు చెప్పలేదు?" అని. నేను నోరు విప్పలేదు.

దీపం కింద చీకటి అంటారే, అదన్నమాట. సర్వర్లని చూడ్డానికి మానిటర్ పెట్టాం, మరి మానిటర్ని ఎవరు చూడాలి? ఇదేదో మన సాఫ్ట్‌వేర్ వాళ్ళ తలనొప్పి అనుకున్నాను. తర్వాత తత్వశాస్త్రం పుస్తకాలు తిరగేస్తుంటే తెలిసింది, మనవాళ్ళు దీని గురించి వందల ఏళ్ళు కొట్టుకున్నారని. అదీ దీపాన్నే మధ్యలో పెట్టుకుని.

నైయాయికులు మనకి ఏదైనా తెలియడానికి నాలుగు ప్రమాణాలున్నాయన్నారు: ప్రత్యక్షం, అనుమానం, ఉపమానం, శబ్దం. క్రీ.శ. 2, 3 శతాబ్దాల ప్రాంతంలో బౌద్ధాచార్యుడు నాగార్జునుడు "విగ్రహవ్యావర్తని" అని 70 కారికల చిన్న పుస్తకం రాసి, దానికి తనే వ్యాఖ్య కూడా రాసుకున్నాడు. అందులో ఆయన వేసిన ప్రశ్న ఇది: వస్తువులున్నాయని ప్రమాణాలు రుజువు చేస్తాయి, సరే, ప్రమాణాలని ఏది రుజువు చేస్తుంది? ఇంకో ప్రమాణం అంటే, దానికి ఇంకోటి కావాలి. ఇక అంతుండదు. రుజువే అక్కర్లేదంటారా, అప్పుడు మిగతావాటికి మాత్రం ఎందుకు?

అవతలివాళ్ళ జవాబు వెంటనే నచ్చేస్తుంది. నిప్పు కుండనీ చూపిస్తుంది, తనని తానూ చూపించుకుంటుంది. ప్రమాణం కూడా అంతే!

నాగార్జునుడు ఈ పోలికని పట్టుకుని ముక్కలు ముక్కలు చేశాడు. చీకట్లో కుండ ముందు కనపడదు, దీపం వచ్చాక కనపడుతుంది. అదే వెలుగు చూపించడమంటే. మరి వెలుగుతున్న దీపం చీకట్లో కనపడకుండా ఉండి, తర్వాత కనపడటం ఎవరైనా చూశారా? దీపంలో చీకటి లేదు, దీపం ఉన్న చోటా లేదు. లేని చీకటిని అది ఎలా పోగొడుతుంది? తాకకుండానే పోగొడుతుందంటే, ఇక్కడ వెలిగించిన ఒక్క దీపంతో లోకాలన్నిటి చీకటీ పోవాలి. వెలుగు తననీ ఇతరాన్నీ చూపించేదైతే, చీకటి కూడా తననీ ఇతరాన్నీ కప్పుకోవాలి. అప్పుడు మనకి చీకటే కనపడకూడదు! నా మట్టుకు నాకు ఇంతకన్నా కసిగా చేసిన కోడ్ రివ్యూ తెలీదు.

ఈ పుస్తకం సంస్కృత మూలం చాలాకాలం దొరకలేదు, టిబెటన్, చైనా అనువాదాలే దిక్కయ్యాయి. 1936లో రాహుల్ సాంకృత్యాయన్ టిబెట్‌లోని ఒక మఠంలో దాని ప్రతి కనుక్కున్నాడు, మరుసటేడే అచ్చయింది. (నాగార్జునకొండ పేరు చూసి ఆయన అక్కడే కూర్చుని రాశాడని తేల్చెయ్యడం మాత్రం తొందరపాటు.)

న్యాయసూత్రాల్లో దీనికి దీటైన జవాబుంది. ఎవరు ఎవరికి జవాబిచ్చారన్న దాని మీద పండితులకి ఇప్పటికీ పేచీయే. వాత్స్యాయనుడి వ్యాఖ్య ప్రకారం దీపం కుండని చూడ్డానికి సాధనం, అదే దీపం కంటికి వస్తువు కూడా. తనని తాను చూపించుకోనక్కర్లేదు, చూడ్డానికి కన్ను ఉంది కదా. వాళ్ళ ఇంకో పోలిక నాకు మరీ ఇష్టం, తక్కెడ. తక్కెడతో బంగారం తూస్తాం. తక్కెడ మీదే అనుమానం వస్తే, బరువు ముందే తెలిసిన బంగారంతో దాన్ని పరీక్షిస్తాం. పూటపూటకీ కాదు, అనుమానం వచ్చినప్పుడు.

కన్ను దగ్గర మాత్రం నైయాయికులు తప్పులో కాలేశారు. కంటిలోంచి కిరణాలు బయల్దేరి వస్తువుని తాకుతాయన్నారు. రాత్రిపూట మెరిసే జంతువుల కళ్ళని సాక్ష్యం చూపించారు. మన భాషలో చెప్పాలంటే, కన్ను వస్తువుని పోలింగ్ చేస్తుందన్నమాట! 5, 6 శతాబ్దాల నాటి బౌద్ధ తార్కికుడు దిఙ్నాగుడు ఒప్పుకోలేదు. తాకితేనే కనపడేటట్టయితే దూరంగా ఉన్నవీ, కంటికన్నా పెద్దవీ ఎలా కనపడతాయన్నాడు. వెలుగే బయట్నుంచి కంట్లోకి వస్తుందని గట్టిగా వాదించిన పుస్తకం 11వ శతాబ్దంలో ఇబ్న్ అల్ హైతమ్ రాశాడు. సూర్యుణ్ణి చూస్తే కన్ను నొప్పెడుతుంది కదా, మరి లోపలికి ఏదో వస్తేనేగా నొప్పి? అదీ ఆయన సాక్ష్యాల్లో ఒకటి.

అన్నట్టు, దిఙ్నాగుడికి మన నేలతో చుట్టరికం ఉంది. 7వ శతాబ్దంలో వచ్చిన హుయాన్ త్సాంగ్, ఆంధ్ర దేశంలో వేంగి దగ్గరి ఒక కొండ మీద ఆయన తర్కగ్రంథం రాశాడని చెప్పుకునేవారని రాసుకున్నాడు. మన ఏలూరు పక్కన పెదవేగి ప్రాంతమే! ఈయన దీపం వాదాన్ని మళ్ళీ వెలిగించాడు. నిన్న చూసిన కుండ ఇవాళ గుర్తొచ్చినప్పుడు, కుండతోపాటు "నేను చూశాను" అన్నదీ గుర్తొస్తుంది. అంటే చూస్తున్నప్పుడే ఆ చూపుకి తన ఎరుక తనకుందన్నమాట. సొంత బౌద్ధుల్లోనే చంద్రకీర్తి, శాంతిదేవుడు దీన్ని కొట్టిపారేశారు. కత్తి తనని తాను కోసుకోలేదు కదా అన్నాడు శాంతిదేవుడు.

ఎవరు నెగ్గారు? నన్నడిగితే, ప్రశ్న నాగార్జునుడిది, ఉద్యోగానికి పనికొచ్చే జవాబు నైయాయికులది. ఆ రాత్రి తర్వాత మానిటర్ని చూడ్డానికి వేరే మెషీన్ మీద ఇంకో మానిటర్ పెట్టాం. దాన్నెవరు చూస్తారు అంటే, నాగార్జునుడు నవ్వుతాడు. కానీ ఆ రాత్రి నా తక్కెడని పరీక్షించడానికి బంగారం నా దగ్గరే ఉంది. ఫోన్ చేసిన కుర్రాడి మాట. శబ్దమూ ప్రమాణమేనని నైయాయికులు ఊరికే అన్లేదు. నేను తెరని నమ్మాను, మనిషిని నమ్మలేదు.

వాడికి సారీ చెప్పడానికి నాకు రెండేళ్ళు పట్టింది. "ఎప్పుడో మర్చిపోయా అన్నా" అన్నాడు. నేనైతే మర్చిపోలేదు. ఇప్పుడు ఎవరైనా ఫోన్ చేసి తేడాగా ఉందంటే, ముందు డాష్‌బోర్డు తెరవను. "నీకేం కనిపిస్తోంది?" అని అడుగుతాను.