సాసఫ్రాస్ చెట్టు: వేరు తవ్వుకుపోయారు, ఆకు మిగిలింది



మన గ్రూపులో చెట్ల గురించి రాసుకున్నప్పుడల్లా ఇప్ప, తునికి, అడ్డాకు, కరక్కాయ దగ్గరే తిరుగుతుంటాం. తిరగాల్సిందే, మన బతుకు వాటితోనే కదా. ఈసారి మాత్రం చాలా దూరం వెళ్తున్నాం. ఉత్తర అమెరికా తూర్పు అడవుల్లో సాసఫ్రాస్ అనే చెట్టు ఉంది. నాలుగు వందల ఏళ్ళ కిందట దీని వేరు కోసం ఇంగ్లండు నుంచి ఓడలు వేసుకుని మరీ వచ్చారు. ఆ వేరు గుణం వాళ్ళకి తెలిసింది అక్కడి ఆదివాసీల వల్లే. చెప్పినవాళ్ళు ఏమయ్యారు, వేరు ఏమైంది, ఆకు ఏమైంది అన్నదే ఈ పోస్టు. కొంచెం పొడుగైంది, ఓపిగ్గా చదవండి.

ముందు చెట్టు సంగతి. శాస్త్రీయ నామం సాసఫ్రాస్ ఆల్బిడమ్. కెనడా దక్షిణ అంచు నుంచి కింద ఫ్లోరిడా దాకా, పడమరన టెక్సాస్ తూర్పు భాగం దాకా పెరుగుతుంది. మామూలుగా పది నుంచి ఇరవై మీటర్ల ఎత్తు. దీన్ని గుర్తుపట్టడం చిన్నపిల్లలకి కూడా తేలికే. ఒకే చెట్టుకి మూడు రకాల ఆకులుంటాయి. ఒకటి మామూలు కోలాకు. ఇంకొకటి అరచెయ్యి మూసి బొటనవేలు ఒక్కటే పక్కకి చాపినట్టుంటుంది. మూడోది మూడు వేళ్ళు విప్పినట్టుంటుంది. ఆడచెట్టు వేరు, మగచెట్టు వేరు. చలికాలం పోగానే ఆకుల కంటే ముందు పసుపు పూలు వస్తాయి. ఎర్రటి కాడ మీద ముదురు నీలం కాయలు కాస్తాయి. ఆకులు రాలే ముందు చెట్టంతా పసుపు, నారింజ, ఎరుపు రంగుల్లోకి తిరుగుతుంది.

ఇది గుబురు అడవి నీడలో బతికే చెట్టు కాదు, దీనికి ఎండ కావాలి. మంట తగిలిన చోట, సాగు చేసి వదిలేసిన చేనులో, గట్ల మీద ముందుగా లేచేది ఇదే. మన దగ్గర వదిలేసిన పోడులో కొన్ని చెట్లు ఎలా ముందు వస్తాయో అలాగన్నమాట. పైన నరికినా వేరు నుంచి పిలకలేస్తుంది. ఒక్క చెట్టు వేళ్ళ నుంచే చిన్న తోపు తయారవుతుంది.

చెట్టు ఒళ్ళంతా వాసనే. ఆకు నలిపితే నిమ్మ వాసనకి దగ్గరగా ఉంటుంది, వేరు గీరితే ఘాటు. ఇది దాల్చినచెక్క, కర్పూరం కుటుంబం. మన ఏజెన్సీలో అగరుబత్తీల కోసం చెక్క తీసే నరమామిడి కూడా ఇదే కుటుంబం. చెక్క వలిచేసి నరమామిడిని ఎలా చంపుకున్నామో మనకి తెలుసు కాబట్టి, వేరు తవ్వితే చెట్టుకి ఏమవుతుందో విడిగా చెప్పక్కర్లేదు.

1560లలో ఫ్లోరిడాలో ఫ్రెంచివాళ్ళు కోట కట్టారు. 1565లో స్పెయిన్ వాళ్ళు వచ్చి వాళ్ళని చంపి ఆ చోటు పట్టుకున్నారు. అది టిముకువా అనే ఆదివాసీల నేల. కొత్త నీళ్ళు, కొత్త తిండి పడక సైనికులకి జ్వరాలు, వాపులు పట్టుకున్నాయి. ఆదివాసీలు ముందు ఫ్రెంచివాళ్ళకి ఈ చెట్టు వేరు చూపించి కషాయం ఎలా కాచుకోవాలో చెప్పారట. ఫ్రెంచివాళ్ళ నుంచి స్పెయిన్ వాళ్ళు నేర్చుకున్నారు. ఈ సంగతులన్నీ స్పెయిన్‌లోని సెవిల్ నగరంలో ఉండే నికోలస్ మోనార్డెస్ అనే వైద్యుడు పుస్తకంలో రాశాడు. ఆయన జన్మలో అమెరికా వెళ్ళలేదు. రేవులో దిగినవాళ్ళని అడిగి, వేళ్ళు తెప్పించుకుని రాశాడు. 1577లో ఆ పుస్తకం ఇంగ్లీషులోకి వచ్చింది. పేరు మోనార్డెస్‌కి, లాభం వ్యాపారికి దక్కాయి. మొదట వేరు చూపించిన మనిషి పేరు ఎక్కడా లేదు.

ఒక్క విషయంలో మాత్రం మోనార్డెస్‌ని మెచ్చుకోవాలి. ఆదివాసీలు ఈ చెట్టుని పావమే అంటారని, సాసఫ్రాస్ అనేది ఫ్రెంచివాళ్ళ మాట అని రాసిపెట్టాడు. అలాగే ఉత్తరాన రోనోక్ ప్రాంతానికి వెళ్ళిన థామస్ హారియట్ అనే ఇంగ్లీషాయన 1588లో అచ్చయిన పుస్తకంలో అక్కడివాళ్ళు దీన్ని వినాక్ అంటారని రాశాడు. అంటే ఈ చెట్టుకి పేరు లేక పెట్టిన పేరు కాదు సాసఫ్రాస్. పేర్లున్నాయి, వాటిని పక్కన పెట్టారు.

ఇక గిరాకీ. ఆ రోజుల్లో యూరప్‌ని సిఫిలిస్ అనే సుఖవ్యాధి పీడిస్తోంది. అది అమెరికా నుంచి వచ్చిందని చాలామంది నమ్మారు, రోగం వచ్చిన చోటే దేవుడు మందు కూడా పెట్టి ఉంటాడని ఇంకో నమ్మకం. పైగా మంచి వాసన ఉన్నది చెడుగాలిని తరిమేస్తుందనుకునేవాళ్ళు. ఈ మూడూ కలిసి సాసఫ్రాస్ వేరు సర్వరోగ నివారిణి అయికూర్చుంది. నిజానికి అది సిఫిలిస్‌ని తగ్గించదు. ఆదివాసీలు చెప్పింది ఒకటి, అంగడిలో అమ్ముడుపోయింది ఇంకొకటి.

1602లో బార్తలోమ్యూ గోస్నాల్డ్ అనే ఇంగ్లీషు నావికుడు ఇప్పటి మసాచుసెట్స్ తీరంలోని ఒక చిన్న దీవిలో దిగి, ఓడకి సాసఫ్రాస్ ఎత్తుకుని వెళ్ళాడు. అమెరికా తీరం మీద హక్కు పత్రం తన దగ్గరుందని చెప్పుకునే వాల్టర్ రాలీకి ఒళ్ళు మండింది. సరుకు ఒక్కసారిగా దిగితే ధర పడిపోతుందని లేఖ రాసి, సరుకు పట్టించే పనిలో పడ్డాడు. అది ఎవరి నేల మీది చెట్టు అన్న ప్రశ్న మాత్రం ఆ గొడవలో ఎక్కడా లేదు.

మరుసటి ఏడు, 1603లో, బ్రిస్టల్ వర్తకులు మార్టిన్ ప్రింగ్‌ని రెండు ఓడలిచ్చి పంపారు. ఈ ప్రయాణం కథనం మిగిలింది, చదివితే గుండె కలుక్కుమంటుంది. వాంపనోగ్ ప్రజల తీరంలో దిగి, చుట్టూ దడి కట్టుకుని, వారాల తరబడి సాసఫ్రాస్ తవ్వారు. మొదట్లో స్నేహంగానే ఉంది. ఓడలో ఒక కుర్రాడు తంత్రీవాద్యం వాయిస్తే అక్కడివాళ్ళు చుట్టూ చేరి చెయ్యి చెయ్యి పట్టుకుని ఆడారట. వాడికి పొగాకు, పొగగొట్టాలు ఇచ్చారట. మన థింసా గుర్తొచ్చింది మాకు. కానీ ప్రింగ్ రెండు పెద్ద వేటకుక్కలని కూడా తెచ్చాడు, ఫూల్, గాలంట్ అని పేర్లు. ఆదివాసీలు ఇక చాలు వెళ్ళిపోండి అనిపించినప్పుడల్లా ఆ కుక్కలని వదిలేవాళ్ళమని వాళ్ళే రాసుకున్నారు, ఏ సిగ్గూ లేకుండా. బెరడుతో చేసిన పడవ ఒకటి కూడా వింతగా చూపించడానికి పట్టుకుపోయారు.

చివర్లో ఒక మధ్యాహ్నం, మనుషులు అడవిలో నిద్రపోతుండగా, ఆయుధాలతో దాదాపు 140 మంది ఆదివాసీలు వచ్చి దడిని చుట్టుముట్టారు. ఫిరంగి పేల్చి, కుక్కలని వదిలి వాళ్ళని వెనక్కి పంపారు. ఓడ బయల్దేరే ముందు ఆదివాసీలు ఆ తవ్వుతున్న అడవికే నిప్పు పెట్టారు. ఎందుకు పెట్టారో వాళ్ళ మాటల్లో ఎక్కడా రాసి లేదు. కథనమంతా ఓడ మీద నుంచి చూసినవాళ్ళదే. మా ఉద్దేశంలో అది వెళ్ళిపొమ్మని చెప్పడమే.

ఆ తర్వాత పదహారేళ్ళలోపే, 1616 నుంచి 1619 మధ్య, ఓడలతో వచ్చిన అంటురోగం ఆ తీరాన్ని ఊడ్చేసింది. ఊళ్ళకి ఊళ్ళు ఖాళీ. 1620లో మేఫ్లవర్ ఓడ దిగినప్పుడు వాళ్ళు కాపురం పెట్టింది అలా ఖాళీ అయిన ఊరి నేల మీదే. ఇక్కడ టిముకువాలది ఇంకా ఘోరం. రోగాలు, మిషన్లలో చాకిరీ, బానిసల కోసం దాడులు. 1763లో స్పెయిన్ ఫ్లోరిడా వదిలినప్పుడు మిగిలిన కొద్దిమందిని క్యూబాకి తీసుకుపోయారు. పావమే అన్న మాట పలికిన జాతి అక్కడితో చెదిరిపోయింది.

వేరు వ్యాపారం కూడా ఎంతో కాలం నిలవలేదు. సరుకు ఎక్కువై ధర పడింది, రోగం తగ్గలేదు, వర్జీనియాలో పొగాకు దొరికాక వర్తకుల చూపు అటు మళ్ళింది. తర్వాత లండన్ వీధుల్లో పాలు, పంచదార కలిపి సాలూప్ అనే పేరుతో కూలీలకి అమ్మే వేడి పానీయంగా కొంతకాలం బతికింది. అమెరికాలో రూట్ బీర్ అనే పానీయానికి వాసనిచ్చింది ఇదే. బీర్ అంటే మత్తు అనుకోకండి, అది సోడా లాంటిది.

ఇప్పుడు ఆకు దగ్గరికి వద్దాం. మాకు అసలు నచ్చింది ఈ భాగమే.

మిసిసిపీ, లూసియానా ప్రాంతాల చాక్టా ప్రజలు సాసఫ్రాస్ ఆకుని వంటకి వాడతారు. లేత ఆకులు కోసి, ఆరబెట్టి, చెక్క రోట్లో రోకలితో దంచి, జల్లెడ పడతారు. ఆకుపచ్చటి మెత్తని పొడి వస్తుంది. పులుసు దించాక ఈ పొడి వేస్తే చిక్కబడి బెండకాయ జిగురులా సాగుతుంది. పొయ్యి మీద ఉండగా వేశారో, తీగలు తీగలుగా తయారై పాడవుతుంది. అందుకే ఫ్రెంచివాళ్ళు దీనికి ఫీలే అని పేరు పెట్టారు, దారం తీసినట్టు అని అర్థం. న్యూ ఆర్లియన్స్‌లో గంబో అనే పులుసు ప్రసిద్ధి. గంబో అన్న మాట ఆఫ్రికా భాషల్లోని బెండకాయ పేరు నుంచి వచ్చిందని చాలామంది పండితులు చెబుతారు. బానిసలుగా తెచ్చిన ఆఫ్రికా ఆడవాళ్ళ బెండకాయ, చాక్టా ఆడవాళ్ళ ఆకుపొడి, రెండూ ఒకే కుండలోకి చేరాయి. బెండకాయ లేని కాలంలో ఆకుపొడి ఆదుకునేది.

1830లో అమెరికా ప్రభుత్వం ఆదివాసీల తరలింపు చట్టం చేసింది. అదే ఏడు సెప్టెంబరులో డాన్సింగ్ రాబిట్ క్రీక్ దగ్గర చాక్టాలతో ఒప్పందం రాయించుకుంది. కోటీ పది లక్షల ఎకరాల దాకా పోయింది. ఆ చట్టం కింద మొదట కదిలించింది చాక్టాలనే. 1831 నుంచి మూడు చలికాలాలు నడిపించారు. చలికి, కలరాకి, ఆకలికి వేలమంది దారిలోనే పోయారు. పోలవరం ముంపు కాగితాలు చూసిన పిల్లలం కదా, ఒప్పందం అనే మాట వినగానే మాకు నమ్మకం రాదు.

కొంతమంది వెళ్ళలేదు. మిసిసిపీలో దాక్కున్నట్టు బతికారు, లూసియానాలో ముందునుంచే ఉన్న కొన్ని కుటుంబాలు అక్కడే ఉండిపోయాయి. భూమి లేదు. పందొమ్మిదో శతాబ్దమంతా న్యూ ఆర్లియన్స్ ఫ్రెంచ్ మార్కెట్‌లో చాక్టా ఆడవాళ్ళు కింద కూర్చుని అల్లిన బుట్టలు, వన మూలికలు, సాసఫ్రాస్ ఆకుపొడి అమ్మేవాళ్ళు. అప్పటి చిత్రాల్లో కనిపిస్తారు. సంతలో మన అమ్మలు చింతపండు, చీపుళ్ళు పెట్టుకుని కూర్చున్నట్టే. 1909లో డేవిడ్ బుష్నెల్ అనే పరిశోధకుడు బాయూ లకోంబ్ అనే చోట మిగిలిన కొద్దిమంది చాక్టాల గురించి చిన్న పుస్తకం అచ్చువేశాడు. అందులోనూ ఈ ఆకుపొడి ఉంది.

మళ్ళీ వేరు కథ. వేరు బెరడు నూనెలో ఎక్కువ భాగం సాఫ్రోల్ అనే రసాయనం. ఎలుకలకి ఎక్కువ మోతాదులో పెట్టి చూస్తే కాలేయ క్యాన్సర్ వచ్చింది. దాంతో 1960లో అమెరికా ప్రభుత్వం సాఫ్రోల్‌ని తిండి పదార్థాల్లో నిషేధించింది. రూట్ బీర్ కంపెనీలు వేరే వాసనలకి మారాయి. ఆకులో సాఫ్రోల్ చాలా తక్కువ కాబట్టి ఆకుపొడికి ఇబ్బంది రాలేదు, ఇప్పటికీ దొరుకుతుంది.

ఇక్కడ మనలో కొందరు, పెద్దల మందుని తెల్లోళ్ళు కావాలని చెడ్డ చేశారు అంటారేమో. మేము అలా అనం. పరీక్షలో తేలింది తేలినట్టే ఒప్పుకోవాలి. మన వేర్లూ మూలికలూ కూడా పరీక్షకి నిలబడాలి. అయితే ఒక మాట. ఎండాకాలం ముందు కొన్నాళ్ళు కషాయం తాగడం వేరు, ఏడాది పొడుగునా సీసాల్లో అమ్మడం వేరు. ఎంత తాగాలి, ఎప్పుడు ఆపాలి అన్నది కూడా పెద్దల జ్ఞానంలో భాగమే. ఓడ ఎక్కినప్పుడు వేరు ఎక్కింది గానీ ఆ భాగం ఎక్కలేదు.

సాఫ్రోల్‌తో మత్తు బిళ్ళలు కూడా చేస్తారు. దానికోసం అదే కుటుంబంలోని వేరే చెట్లని కంబోడియా కార్డమమ్ కొండల్లో వేళ్ళతో సహా పెకలించి అడవిలోనే నూనె కాచేవాళ్ళు. 2008లో అక్కడి అధికారులు పట్టుకుని తగలబెట్టిన నూనె 33 టన్నులు. ఆ కథ ఇంకో పోస్టుకి సరిపడా ఉంది.

అసలు సాసఫ్రాస్‌కి ఇప్పుడు కొత్త ముప్పు వచ్చింది. 2002లో జార్జియా రాష్ట్రంలో సవానా రేవు దగ్గర ఆసియా నుంచి వచ్చిన చిన్న పురుగు కనిపించింది. అది మోసుకొచ్చే బూజు ఈ కుటుంబం చెట్లకి నీళ్ళు పైకెక్కే దారులు మూసేస్తుంది. కొన్ని వారాల్లో చెట్టు వాడిపోతుంది. సాసఫ్రాస్ తోపులో చెట్లన్నీ కింద ఒకే వేరుతో కలిసి ఉంటాయని పైన రాశాం కదా. ఒక చెట్టుకి పట్టిన తెగులు ఆ వేరులోంచే పక్క చెట్టుకి పాకుతోంది.