కువైట్ తొలి సినిమా ఎవరి ఖాతాలో రాయాలి?

కువైట్ నగరంలోని షర్ఖ్‌లో అల్ హమ్రా టవర్ ఎక్కడుందో మాలియాలో శుక్రవారం కలిసే మన తెలుగువాళ్లెవరికీ చెప్పనక్కర్లేదు. 2011లో పూర్తయిన ఆ భవనం ఎత్తు 400 మీటర్లు దాటుతుంది. అయితే ఆ పేరు అంతకుముందు అదే స్థలంలో ఉన్న హమ్రా సినిమా హాలుదని తెలిసినవాళ్లు తగ్గిపోతున్నారు. ఇవాళ సినీస్కేప్ పేరుతో మనకు తెలుగు సినిమాల టికెట్లు అమ్ముతున్నది 1954లో పుట్టిన కువైట్ జాతీయ సినిమా కంపెనీయే. హాళ్ల చరిత్ర ఎవరో ఒకరు రాస్తూనే ఉన్నారు. ఆ హాళ్లలో ఆడటానికి ఈ ఊరి కథతో నిండు నిడివి సినిమా తీసిన ఖాలిద్ అల్ సిద్దీఖ్ దగ్గరికి వచ్చేసరికి మాత్రం లెక్క తప్పుతోంది. 2021లో ఆయన కన్నుమూసిన తరువాత ఆయన్ని ఎక్కువగా దర్శకుడిగానే తలుచుకున్నారు. ఆయన నిర్మాత కూడా. కువైట్ తొలి సినిమా ఏది అనే పాత తగువు తెగాలంటే ఆ సంగతి దగ్గరే మొదలుపెట్టాలి.

తగువు ఇది. 1972లో వచ్చిన ‘బస్ యా బహర్’, అంటే ‘ఇక చాలు సముద్రమా’, తొలి కువైటీ సినిమా అని ఒక వర్గం వాదన. 1965లోనే మహమ్మద్ అల్ సనూసి ‘అల్ ఆసిఫా’ అనే కథాచిత్రం తీశారు కదా అని రెండో వర్గం అడ్డు తగులుతుంది. రెండో మాటను తేలిగ్గా తీసిపారేయకూడదు. తుపాను అనే అర్థమున్న ఆ చిన్న సినిమాలో నటించినవాళ్లు ఆ తరువాత కువైట్ నాటకరంగాన్ని ఏలారు. అయినా అది టెలివిజన్ నీడలో పెరిగిన ప్రయత్నం. థియేటర్‌కి జనం టికెట్టు కొనుక్కుని వస్తారన్న నమ్మకంతో, నిండు నిడివితో, నష్టమొస్తే నిర్మాతే మోయాల్సిన పని సిద్దీఖ్‌ది. దర్శకత్వం, నిర్మాణం తనే చేశారు. అబ్దుల్ రహ్మాన్ అల్ సాలెహ్ కథను సినిమాగా మలచడంలోనూ ఆయన చెయ్యి ఉంది. నిడివి ఒక్కదాన్నే చూసి ‘తొలి’ అనే మాట పంచడం గుమాస్తా లెక్క. ఎవరు పూచీ పడ్డారో కూడా చూస్తే 1972 నెగ్గుతుంది. ఇలాంటి తగువు మనకూ కొత్త కాదు. తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ విడుదలైంది 1931 సెప్టెంబర్‌లోనా, 1932 ఫిబ్రవరి 6నా అన్న విషయం పాత్రికేయుడు రెంటాల జయదేవ పాత పత్రికలు తిరగేసి తేల్చేదాకా ఎన్నో ఏళ్లు తప్పు తేదీతోనే పండగ చేసుకున్నాం.

మన ఇండియా వాళ్లు చెప్పుకునే గొప్ప ఒకటి ఉంది. సిద్దీఖ్ యువకుడిగా బొంబాయిలో చదువుకుని, అక్కడి స్టూడియోల్లో పని నేర్చుకున్నారు కాబట్టి ఈ సినిమా బొంబాయి బిడ్డేనట. ముందుగా ఆయన బొంబాయి వెళ్లడంలో వింతేమీ లేదు. కువైట్ ముత్యాలకు బొంబాయే అంగడి. వర్తకుల ఇళ్లకీ, దుకాణాలకీ అక్కడితో తరాల సంబంధం. 1961లో దీనారు వచ్చేదాకా ఇక్కడి సంతలో చెల్లింది రూపాయే. ఇక బిడ్డ సంగతికొస్తే, మన ‘భక్త ప్రహ్లాద’ను కూడా బొంబాయిలో అర్దేషిర్ ఇరానీయే నిర్మించారు. దాన్ని హిందీ సినిమా అని ఎవరైనా అన్నారా? హెచ్.ఎం. రెడ్డి తీసిన తొలి తెలుగు టాకీ అనే అన్నాం. పని నేర్పిన ఊరు వేరు, ఎవరి మాటలు, ఎవరి బాధ తెరకెక్కాయన్నది వేరు. ‘బస్ యా బహర్’లో పాత్రలు కువైటీ యాసలోనే మాట్లాడతాయి. కొడుకు ముసాయిద్‌గా మహమ్మద్ అల్ మన్సూర్, తండ్రిగా సాద్ అల్ ఫరజ్, తల్లిగా హయాత్ అల్ ఫహద్ నటించారు. నలుపు తెలుపు బొమ్మ. అందులో బొంబాయిని వెతికేవాళ్లకి దొరికేది కెమెరా పనితనంలో శ్రద్ధ ఒక్కటే.

గట్టి అభ్యంతరం వేరే ఉంది. చమురు డబ్బుతో నిండిన దేశంలో, టెలివిజన్‌లో పనిచేసిన మనిషి నిర్మాతగా పూచీ పడ్డాడంటే నమ్మడమెలా? దీనికి జవాబు ఆయన రెండో సినిమాలో ఉంది. వెనక అండ చూసుకుని బతికేవాడైతే మొదటి విజయం తరువాత ఇంట్లోనే ఇంకో సముద్రం కథ తీసేవాడు. ‘బస్ యా బహర్’కు వెనిస్‌లో విమర్శకుల సంఘం బహుమతి వచ్చింది, కువైట్ తరఫున ఆస్కార్ పోటీకి వెళ్లిన తొలి సినిమా కూడా అదే. అంత పేరున్నా సిద్దీఖ్ సూడాన్ వెళ్లారు. అక్కడి రచయిత తయ్యిబ్ సాలిహ్ నవలిక ‘ఉర్స్ అల్ జైన్’ను 1976లో సూడాన్ నటులతోనే తీశారు. ప్రధాన పాత్ర అలీ మహ్దీది. దాన్నీ కువైట్ ఆస్కార్‌కి పంపింది. పల్లెలో అందరూ వెర్రివాడనుకునే మనిషి పెళ్లి కథలో గల్ఫ్ వ్యాపారికి లాభం ఏముంటుంది? ఈ ఎంపిక ఒక్కటి చాలు, ఆయన ఎవరో పెట్టిన ఖర్చుకి సంతకం చేసే మనిషి కాదని చెప్పడానికి. సంఖ్య చూస్తే నిర్మాతగా ఆయన జీవితం చిన్నదే. పెద్ద బడ్జెట్ల వెంట పోలేదు. తక్కువ తీశారన్నది నిందగా వాడేవాళ్లున్నారు. ప్రతి సినిమాకీ వేరే దేశం, వేరే మనుషులు వెతుక్కునేవాడికి వేగం రాదు.

ఇక ‘బస్ యా బహర్’ కథ. సొర చేప దాడితో అవిటివాడైన తండ్రి, వర్తకుడి కూతురు నూరాను చేసుకోవాలంటే డబ్బు కావాలని ముత్యాల వేటకెళ్లే కొడుకు, నీటి అడుగున అతని చావు. నౌఖదా, అంటే పడవ కెప్టెన్, ముందే ఇచ్చిన బయానాతో మునిగేవాణ్ణి కట్టేసేవాడు. తండ్రి అప్పు కొడుకు నెత్తినా పడేది. కడప, గోదావరి జిల్లాల నుంచి వీసాకి అప్పు చేసి వచ్చిన మనిషికి ఈ కట్టు వివరించనక్కర్లేదు. 1986 నుంచి సాల్మియా ఒడ్డున జరిగే ముత్యాల వేట ఉత్సవంలో ఆ రోజుల సాహసం, పాటలు, జెండాలు కనిపిస్తాయి. అప్పుల లెక్క కనిపించదు. పూర్వీకుల్ని తలుచుకోవడంలో తప్పేమీ లేదు. కానీ సినిమాలో తల్లి తన బిడ్డ ప్రాణం తీసిన ముత్యాన్ని తిరిగి సముద్రంలోకి విసిరేస్తుంది. చమురు వచ్చి తీరిన కష్టాన్ని, సంపద మధ్యలో కూర్చుని, అంత నిష్ఠూరంగా గుర్తుచేయడానికి డబ్బు పెట్టే మనిషి దొరకాలి. సిద్దీఖ్ తనే ఆ మనిషి అయ్యారు. షర్ఖ్‌లో ఎప్పుడైనా ఈ ఊరి సినిమా చరిత్ర పలక వేలాడదీస్తే, 1965 ఎదుట సనూసి పేరు మొదటి కథాచిత్రానికి రాయాలి. 1972 ఎదుట మొదటి నిండు నిడివి సినిమాకి సిద్దీఖ్ పేరు రాస్తూ, దర్శకుడు అన్న మాటకన్నా ముందు నిర్మాత అన్న మాట పెట్టాలి.