చీకటిలోని కేక: బాబ్‌క్యాట్ గొంతును మానవుడు విన్న కథ

రేడియో యెదుట కూర్చుండువారికి ఒక అనుభవము సుపరిచితము. మాటాడువారి ముఖము కనబడదు. గొంతు మాత్రము వినబడును. ఆ గొంతును బట్టి మనము మనస్సులో ఒక రూపమును కల్పించుకొందుము. పిమ్మట ఎప్పుడైనను ఆ వ్యక్తి యెదురుపడినచో, మన ఊహకును నిజమునకును పొంతన లేదని తెలిసి నవ్వుకొందుము. ఈ పొరపాటువలన ఎవరికిని నష్టము లేదు. కాని చీకటిలో గొంతు విని రూపమును కల్పించుకొనుటవలన ఒక జంతువునకు తరతరములుగా అపకీర్తి అంటుకొన్న ఉదంతము చరిత్రలో కలదు. ఉత్తర అమెరికా ఖండపు అడవిపిల్లియగు బాబ్‌క్యాట్ కథయే అది.

సింహము గర్జించును, పులి గాండ్రించును, ఏనుగు ఘీంకరించును, గుర్రము సకిలించును, నక్క ఊళవేయును అని మన భాష ఒక్కొక్క జంతువునకు ఒక్కొక్క క్రియను కేటాయించినది. ఇది చెవికి ఇంపుగనే యున్నది. అయితే ఇంట పిల్లిని పెంచినవారు ఈ పంపకమును అంగీకరింపరు. పాలకొరకు అరచునపుడు ఒక గొంతు, పొయ్యి చెంత ముడుచుకొని గురగురలాడునపుడు ఒక గొంతు, కుక్కను చూచి బుస్సుమన్నపుడు ఒక గొంతు, నడిరేయి ఇంటికప్పుపై మరియొక పిల్లితో తలపడునపుడు వేరొక గొంతు. ఒక్క జంతువు నోట ఇన్ని మాటలు! పిల్లి బంధువర్గమునకు చెందిన బాబ్‌క్యాట్ విషయమును ఇట్టిదే.

ముందుగా ఈ జంతువు రూపమును చెప్పవలసియున్నది. ఇది లింక్స్ అను పిల్లుల శాఖకు చెందినది. కెనడా దక్షిణ భాగము మొదలు మెక్సికో దేశమువరకు అడవులందును, బురదనేలలందును, ఎడారి అంచులందును నివసించును. సాధారణముగా 6 మొదలు 14 కిలోల బరువుండును. మన జంగపిల్లికంటె కొంచెము పెద్దది. గోధుమవన్నె ఒంటిపై నల్లని మచ్చలు, చెవుల కొనలందు చిన్న కుచ్చులు, చెంపలపై గడ్డమువలె పెరిగిన వెండ్రుకలు దీని గుర్తులు. తోక జానెడైనను ఉండదు. కత్తిరించినట్లు పొట్టిగా నున్న ఆ తోకను బట్టియే దీనికి బాబ్‌క్యాట్ అను పేరు వచ్చినది. జర్మను పండితుడు ష్రేబర్ 1777లో దీనికి శాస్త్రీయ నామమొసగెను. పక్షుల చిత్రములకు ప్రసిద్ధుడైన ఆడుబాన్ ఉత్తర అమెరికా చతుష్పాదములపై గ్రంథమును ప్రకటించినపుడు, 1845లో వెలువడిన తొలి సంపుటమున మొట్టమొదటి పటముగా దీనినే నిలిపెను.

పండితులకు రూపము తెలిసినది. కాని అడవి అంచున చెట్లు నరకి పొలము చేసికొని, దుంగలతో ఇల్లు కట్టుకొన్న వలసకాపునకు రూపముకంటె గొంతే ముందు తెలిసినది. ఏలయన బాబ్‌క్యాట్ మనుష్యుల కంట పడుట అరుదు. అది ప్రొద్దుగ్రుంకు వేళను, తెల్లవారు వేళను సంచరించును. ఒంటరిది, పొంచి యుండి వేటాడునది. పగలు చూడని జంతువు రాత్రి అరచినచో వినువాని ఊహకు అడ్డేమున్నది? చలికాలము చివర, మంచు ఇంకను కరగని రాత్రులందు, అడవినుండి ఒక కేక వచ్చును. మొదట మూలుగువలె ఆరంభమై, పైకి పైకి సాగి, ఎవరో స్త్రీ ప్రాణభయముతో అరచినట్లు ముగియును. కొన్ని వేళల పసిబిడ్డ ఏడ్పువలె నుండును. ఇట్టి కేకను గూర్చి ఆ దేశమున పుట్టిన కథలకు లెక్కలేదు. నేటికిని పల్లెపట్టున క్రొత్తగా కాపురము పెట్టినవారు ఈ కేక విని, ఎవరికో ఆపద వచ్చినదని బెదరుట కలదు.

ఇందు మరియొక చిక్కును కలదు. చీకటిలో వినవచ్చిన ప్రతి భయంకరమైన అరుపును బాబ్‌క్యాట్ దియే కాదు. జతకట్టు కాలమున ఆడునక్క వేయు కేకయు ఇట్లే యుండును. కొట్టములలో కాపురముండు తెల్లగుడ్లగూబ కీచుమను అరుపును ఒడలు జలదరింపజేయును. ప్యూమా అను పెద్ద అడవిపిల్లియు కేకలు వేయును. చూడక విన్నవారు వీటినన్నింటిని ఒక్కదాని ఖాతాలోనే వ్రాసిరి. చేయని అరుపులకు సైతము బాబ్‌క్యాట్ పూచీపడవలసి వచ్చెను.

ఇట్టి జంతువునకు తలవెల నిర్ణయించుట ప్రభుత్వములకు కష్టము కాలేదు. ఇందులకు కేకలే కారణమని మేము చెప్పము. అది కోళ్లను, గొఱ్ఱెపిల్లలను ఎత్తుకొనిపోవుననియు, వేటకాండ్రు కోరు జింకలను చంపుననియు జనులు ఫిర్యాదు చేసిరి. అందు కొంత నిజమును కలదు. కాని పిశాచమువలె అరచునని పేరుపడిన జంతువు పక్షమున వాదించుటకు ఎవరు ముందుకు వత్తురు? న్యూహాంప్‌షైర్ రాష్ట్రమున 1809లో ఆరంభమైన తలవెల 1973 వరకు సాగినది. నూట అరువది నాలుగేండ్ల కాలము, చచ్చిన బాబ్‌క్యాట్‌ను చూపినవారికి ప్రజాధనమునుండి బహుమానము లభించుచు వచ్చినది. తండ్రినుండి కొడుకునకు, కొడుకునుండి మనుమనికి ఈ శత్రుత్వము ఆస్తివలె సంక్రమించినది.

ఇంతకును ఆ కేకలో ఏమున్నది? మానవునికి బెదరింపు అందు లేదు. బాబ్‌క్యాట్‌లు మైళ్లకొలది వైశాల్యమున విడివిడిగా బ్రతుకును. మగది యొక చోట, ఆడుది యొక చోట. తమ ఎల్లలను మూత్రపు వాసనతోను, గోళ్ల గీతలతోను తెలుపుకొనును. ఏడాదిలో ఎక్కువ కాలము ఈ మౌన సందేశములే చాలును. అందువలననే ఇది మిక్కిలి తక్కువగా అరచు జంతువు. కాని ప్రాయికముగా జనవరి మొదలు మార్చి వరకు జతకట్టు కాలము వచ్చును. వాసన ఉంచిన చోటనే యుండును. వెదకువాడు దానికడకు రావలెను. గొంతు అట్లు కాదు. తానే చీకటిని దాటి పోవును. కావున ఆ ఋతువున మాత్రము ఈ మౌని నోరు విప్పును. మనకు ఆర్తనాదముగా తోచినది దానికి పెండ్లి పిలుపు. ఒంటరి జీవి మరియొక ఒంటరి జీవికి తన యునికిని తెలుపుకొనుచున్నది.

తక్కిన కూతలను గూడ ఇట్లే విడదీయవచ్చును. చెవులు వెనుకకు అణచి, కోరలు చూపి బుస్సుమన్నచో, “దూరముగా ఉండుము” అని అర్థము. గొంతులో గుర్రుమని సాగు ధ్వని రెండవ హెచ్చరిక. ఉమిసినట్లు ఫట్టుమను చప్పుడు చివరి మాట. ఇవి మూడును పోరు పెట్టుకొను మాటలుగా కనబడినను, నిజమునకు పోరు తప్పించుకొను మాటలు. గాయపడిన వేటజంతువునకు తిండి లేదు. కావున కొట్లాటకంటె కసరుట మేలు. రాతిగుహలోనో పడిపోయిన చెట్టు క్రిందనో వసంతమున పుట్టిన కూనలు సన్నని గొంతుతో మ్యావుమనును. ఆకలి, చలి, తల్లి కనబడకపోవుట - మూడింటికిని అదియే పిలుపు. తల్లి దగ్గరకు వచ్చినపుడు మెల్లని గురగుర వినబడును. ఈ మాట రెండడుగుల దూరము దాటి పోదు. కావున అడవి అంచున నివసించిన వలసకాపు చెవికి ఇది ఎన్నడును సోకలేదు. బాబ్‌క్యాట్ కోపమును, విరహమును మాత్రమే లోకము విన్నది, వాత్సల్యమును వినలేదు.

ఈ గొంతుల వెనుక నున్న యంత్రమును తెలిసికొనుటకు పండితులు చాల కాలము శ్రమపడిరి. నాలుక మొదట, స్వరపేటికకు పైన చిన్న యెముకల గొలుసొకటి కలదు. 19వ శతాబ్దమున రిచర్డ్ ఓవెన్ సింహమునందును, పెంపుడు పిల్లియందును ఈ గొలుసు ఒకే తీరున లేదని గమనించెను. 1916లో రెజినాల్డ్ పోకాక్ ఈ విషయమును విస్తరించి వ్రాసెను. మన దేశపు పులులను, చిరుతలను, జంగపిల్లులను వర్ణించుచు 1939లో గ్రంథము ప్రకటించిన పోకాక్ ఇతడే. సింహము, పులి, చిరుత, జాగ్వార్ - వీని గొలుసులో ఒక భాగము సాగెడు నరమువలె నుండును. చిన్న పిల్లులయందు అంతయు ఎముకయే. కావున మొదటివి గర్జించుననియు, రెండవవి గురగురలాడుననియు నిర్ణయించిరి. చాలకాలము పాఠ్యపుస్తకములు దీనినే బోధించినవి. కాని మంచుచిరుత ఈ నియమమునకు లొంగలేదు. దాని గొలుసు పెద్దపులులదానివలె సాగునదే. అయినను అది గర్జింపదు. గర్జన రహస్యము ఎముకయందుకంటె స్వరతంత్రుల పొడవునందును, మందమునందును కలదని 20వ శతాబ్దము చివర జరిగిన పరిశోధనలు తెలిపినవి. గురగుర కథయు ముగియలేదు. పెంపుడు పిల్లి స్వరపేటికలో మెత్తని దిండువంటి కణజాలము కలదనియు, దాని సాయముతో కండరముల కదలిక లేకయే సెకనుకు 25 మొదలు 30 సార్లు కంపించు ధ్వని పుట్టగలదనియు 2023లో ప్రకటింపబడినది.

ఎముకలను కోసి చూచుట యొక ఎత్తు. సజీవమైన గొంతును పట్టి నిలుపుట మరియొక ఎత్తు. ఇందు రేడియో శ్రోతలకు ప్రీతి గొలుపు విషయమొకటి కలదు. 1889లో జర్మనీ దేశమున లుడ్విగ్ కోక్ అను బాలుడు మైనపు గొట్టముపై ఒక పక్షి పాటను ముద్రించెను. పక్షులపాటలలో మనకు దక్కిన తొలి ముద్రణ అదియే. ఆ పక్షి మన దేశపు అడవులలో పాడెడు శామా! ఆ బాలుడే పెరిగి పెద్దవాడై, నాజీల బాధకు 1936లో ఇంగ్లండు చేరి, అచ్చటి రేడియోలో పక్షుల గొంతులను ఇంటింట వినిపించెను. 1929లో అమెరికాలోని కార్నెల్ విశ్వవిద్యాలయమువారు మాటలాడు చలనచిత్రములకై యేర్పడిన యంత్రముతో అడవి పక్షుల పాటలను పట్టిరి. 1946లో బెల్ ప్రయోగశాలవారు ధ్వనిని కాగితముపై బొమ్మగా గీయు యంత్రమును లోకమునకు ప్రకటించిరి. అంతవరకు “స్త్రీ అరచినట్లు”, “దయ్యము ఏడ్చినట్లు” అని ఉపమానములతో చెప్పవలసిన కేక, అటుపిమ్మట గీతలుగా కంటికి కనబడెను. ఏ గొంతు ఏ జంతువుదో, ఎంత సేపు సాగెనో, ఎంత పైకి పోయెనో కొలుచుటకు వీలయ్యెను. జర్మను శాస్త్రజ్ఞుడు గుస్తావ్ పీటర్స్ ఈ మార్గమున పిల్లికుటుంబమందలి కూతలను సంవత్సరములకొలది పోల్చి చూచెను. దగ్గరకు వచ్చిన తోటి పిల్లితో “నేను నీ హితుడను” అని చెప్పు మెల్లని ధ్వని ఈ కుటుంబమంతటికిని సొత్తే అని ఆ పరిశోధన తెలిపినది. సింహమును చిరుతయు ఒక తీరున, పులి వేరొక తీరున, చిన్న పిల్లులు మరియొక తీరున ఆ మాటనే పలుకును.

చెవులతోపాటు చట్టములును మెల్లగా మారినవి. పెద్ద మచ్చల పులుల తోళ్ల వ్యాపారము నిషిద్ధమైన పిమ్మట బొచ్చు వర్తకుల చూపు బాబ్‌క్యాట్‌పై పడెను. 1977లో అంతర్జాతీయ వాణిజ్యపు ఒడంబడిక దీనిని తన పట్టికలో చేర్చుకొని, తోళ్ల యెగుమతికి అదుపు విధించినది. న్యూహాంప్‌షైర్ రాష్ట్రము 1989లో వేటనే మాన్పించినది. కాలిఫోర్నియా 2019లో వేట నిషేధపు చట్టము చేసినది. వేట సాగు రాష్ట్రములు ఇంకను అనేకము కలవు. అయినను 2010లో ప్రకటింపబడిన అంచనా ప్రకారము అమెరికా సంయుక్త రాష్ట్రములందు వీని సంఖ్య 23 లక్షలకు పైబడియే యున్నది. తలవెలలు దాటి బ్రతికిన జాతి యిది.

అయితే ఈ జంతువు గొంతును మంచి మనస్సుతో విన్నవారు యంత్రములకు పూర్వము లేరా? ఉన్నారు. ఇల్లినాయ్ నదీతీరపు గుట్టపై సుమారు 2000 సంవత్సరముల క్రిందటి సమాధి దిబ్బలు కలవు. హోప్‌వెల్ అని నేడు పిలువబడు సంస్కృతికి చెందిన ఆదివాసులు తమ వారిని అచ్చట పూడ్చిపెట్టిరి. 1980 ప్రాంతమున జరిగిన త్రవ్వకములలో ఒక చిన్న జంతువు అస్థిపంజరము లభించెను. కుక్కపిల్ల కాబోలునని పెట్టెలో పెట్టి భద్రపరచిరి. చాల యేండ్లకు మరల పరీక్షించి, అది కొలది నెలల బాబ్‌క్యాట్ కూన యని 2015లో ప్రకటించిరి. ఎముకలపై కత్తిగాటు లేదు. మెడలో సముద్రపు గవ్వల పూసలును, ఎలుగుబంటి కోరలవలె చెక్కిన పతకములును కల హారమొకటి కలదు. మనుష్యులకై కట్టిన దిబ్బలో, మనుష్యునికివలె సగౌరవముగా దానిని నిదురింపజేసిరి.

తల్లిని కోల్పోయిన కూనను ఎవరో తెచ్చి పెంచియుందురని పరిశోధకుల ఊహ. అట్లయినచో, ఒకనాడు అడవిలో ఒక సన్నని మ్యావు విని ఎవరో ఆగియుండవలెను. ఆ పిలుపు తల్లికొరకైనది, తల్లి లేదు, విన్నవారు బదులిచ్చిరి. ఆకలి, చలి అను ఆ రెండు మాటల అర్థము వారికి ఏ యంత్రమును లేకయే తెలిసినది.

మన పల్లెలలోను చెరకుతోటల అంచున, చెరువుగట్టు రెల్లుపొదలలో జంగపిల్లి తిరుగును. పొలము ఎలుకలను తిని రైతునకు మేలు చేయును. దానిని మనము చూచుట అరుదు. రాత్రివేళ దాని గొంతు వినబడినపుడు గుండె ఝల్లుమనుట సహజమే. ఆ క్షణమున కఱ్ఱకై చేయి చాపుటకు ముందు ఒక్క ప్రశ్న వేసికొనుట మంచిది: ఈ కేక ఎవరిని పిలుచుచున్నది? తరచుగా ఆ పిలుపు మనలను గూర్చి కాదు. ఈ చిన్న సంగతి తెలియుటకు న్యూహాంప్‌షైర్ ప్రజలకు నూట అరువది నాలుగేండ్లు పట్టినది.