ఇమాన్యుయేల్ సెల్లర్ : అర్ధ శతాబ్ది శాసనకర్త

అమెరికా వలస చట్టాల చరిత్రలో 1923వ సంవత్సరానికి ఒక ప్రత్యేకత ఉంది. ఆ ఏడాది ఫిబ్రవరి 19న అమెరికా సుప్రీంకోర్టు భగత్ సింగ్ థింద్ కేసులో తీర్పు చెప్పింది. నాటి చట్టం ప్రకారం శ్వేతజాతీయులకు, ఆఫ్రికన్ సంతతి వారికి మాత్రమే పౌరసత్వార్హత ఉండేది. సామాన్య జనుల అవగాహనలో భారతీయులు శ్వేతజాతీయులు కారు గనుక వారు అమెరికా పౌరులు కాజాలరని న్యాయస్థానం తేల్చింది. ఆ తర్వాత రెండు వారాలైనా గడవకముందే, మార్చి 4న, న్యూయార్క్ నగరంలోని బ్రూక్లిన్ నుంచి ఎన్నికైన ఒక యువ న్యాయవాది ప్రతినిధుల సభ సభ్యుడయ్యారు. ఆయనే ఇమాన్యుయేల్ సెల్లర్. అదే సంవత్సరం అక్టోబరులో భీమవరంలో జన్మించిన యల్లాప్రగడ సుబ్బారావు ఉన్నత విద్యకై బోస్టన్ చేరుకున్నారు. పరస్పర సంబంధం లేనట్లు కనిపించే ఈ మూడు ఘటనలనూ తర్వాతి కాలపు చట్టాలు ఒకే దారంతో ముడివేశాయి.

సెల్లర్ 1888 మే 6న బ్రూక్లిన్‌లో, జర్మనీ నుంచి వలస వచ్చిన వారి వంశంలో జన్మించారు. కొలంబియా విశ్వవిద్యాలయంలో చదువుతున్న రోజుల్లోనే తల్లిదండ్రులు మరణించడంతో కుటుంబ భారం ఆయనపై పడింది. సారాయి వ్యాపారి అయిన తండ్రి వాడుకదారుల ఇళ్లకు తిరిగి ద్రాక్షసారా అమ్ముతూ ఆయన చదువు కొనసాగించారు. 1912లో న్యాయశాస్త్ర పట్టా పుచ్చుకొని వకీలు వృత్తి చేపట్టారు. ఐరోపా నలుమూలల నుంచి వచ్చి స్థిరపడిన కుటుంబాల నడుమ పెరగడం వల్ల వలస వచ్చినవారి కష్టనష్టాలు ఆయనకు పుస్తకాల ద్వారా తెలిసినవి కావు.

సభలో ఆయన మొదటి పెద్ద పోరాటం 1924 నాటి వలస బిల్లుపైనే సాగింది. 1890 జనగణన నాటికి అమెరికాలో నివసిస్తున్న ఒక్కొక్క దేశీయుల సంఖ్యలో రెండు శాతానికి సమానంగా ఆ దేశపు వార్షిక కోటాను ఆ బిల్లు నిర్ణయించింది. తాజాగా 1920 జనగణన లెక్కలు ఉండగా మూడు దశాబ్దాల వెనుకటి లెక్కలను ఎన్నుకోవడం యాదృచ్ఛికం కాదు. ఇటలీ, పోలండ్, రష్యాల నుంచి జనం పెద్ద సంఖ్యలో వచ్చింది 1890 తర్వాతనే. పౌరసత్వార్హత లేని ఆసియావాసులకైతే ప్రవేశమే నిషేధించారు. ఇది మనుషులను పుట్టిన గడ్డను బట్టి ఎక్కువ తక్కువలుగా విభజించడమేనని సెల్లర్ వాదించారు. బిల్లు భారీ ఆధిక్యంతో నెగ్గింది. ఆ నాటి ఓటమిని సరిదిద్దడానికి ఆయనకు నలభై ఒక్క సంవత్సరాలు పట్టింది.

ఈ మధ్యకాలంలో చట్టం తన పని తాను చేసుకుపోయింది. థింద్ తీర్పు తర్వాత అంతకుముందే పౌరసత్వం పొందిన పలువురు భారతీయుల నుంచి దానిని రద్దు చేశారు. అలా పౌరసత్వం కోల్పోయిన కాలిఫోర్నియా వ్యాపారి వైష్ణోదాస్ బాగాయ్ 1928లో ఆత్మహత్య చేసుకున్నారు. ఐరోపాలో హిట్లర్ పాలన నుంచి తప్పించుకోజూచిన యూదులకు సైతం అవే కోటాలు అడ్డుగోడలైనాయి. సెల్లర్ తన పార్టీకే చెందిన అధ్యక్షుడు రూజ్వెల్ట్ ప్రభుత్వపు ఉదాసీనతను బహిరంగంగా విమర్శించారు.

రెండవ ప్రపంచ యుద్ధం గోడకు తొలి బీట వేసింది. 1943లో మిత్రదేశమైన చైనా ప్రజలపై నిషేధం తొలగింది. భారతీయులకూ అదే న్యాయం జరగాలని ఇండియా లీగ్ ఆఫ్ అమెరికా నాయకుడు జె.జె.సింగ్ పట్టుదలతో కృషి చేశారు. రిపబ్లికన్ పార్టీకి చెందిన క్లేర్ బూత్ లూస్, డెమొక్రాటిక్ పార్టీకి చెందిన సెల్లర్ 1944లో ఇందుకు బిల్లులు ప్రతిపాదించారు. సంఘం దశలో అవాంతరాలు దాటి అది చట్టమై, 1946 జూలై 2న అధ్యక్షుడు ట్రూమన్ సంతకం పొందింది. భారతీయులకు పౌరసత్వార్హత, ఏటా నూరుగురికి ప్రవేశం లభించాయి. కోట్లాది జనం గల దేశానికి నూరు అనేది నామమాత్రపు సంఖ్యే. కాని పౌరసత్వ హక్కు నామమాత్రం కాదు. ఆ చట్టం వల్ల 1949లో పౌరుడైన దలీప్ సింగ్ సౌంద్ 1956లో అదే ప్రతినిధుల సభకు ఎన్నికయ్యారు. సుబ్బారావు మాత్రం, వైద్యశాస్త్రానికి అమూల్యమైన ఔషధాలను అందించిన పిదప, పౌరసత్వం స్వీకరించకుండానే 1948లో న్యూయార్క్‌లో కన్నుమూశారు.

1949లో సెల్లర్ సభా న్యాయ వ్యవహారాల సంఘానికి అధ్యక్షుడయ్యారు. 1953–55 మధ్య రెండేళ్లు మినహా 1973 వరకూ ఆ పదవిలో కొనసాగారు. అమెరికా ప్రతినిధుల సభలో ఆనాడు సంఘాధ్యక్ష పదవి జ్యేష్ఠత ననుసరించి లభించేది. ఏ బిల్లును విచారణకు తీసుకోవాలో, దేనిని సొరుగులోనే ఉంచాలో నిర్ణయించడంలో అధ్యక్షునికి విశేషాధికారం ఉండేది. ఈ అధికారాన్ని సెల్లర్ నేర్పుగా వినియోగించారు. గుత్తాధిపత్యానికి దారితీసే సంస్థల విలీనాలను అరికట్టే 1950 నాటి చట్టానికి సెనేటర్ కెఫావర్ పేరుతో పాటు ఆయన పేరూ జతపడింది. 1957, 1960, 1964 పౌరహక్కుల చట్టాలను, 1965 ఓటుహక్కు చట్టాన్ని సభలో నడిపించిన బాధ్యత ఆయనదే. 1964 చట్టం విషయంలో ప్రతిపక్ష సభ్యుడు విలియం మెకల్లోక్ సహకారాన్ని కూడగట్టడం ఆయన రాజనీతికి నిదర్శనం.

అయినా వలస చట్టం విషయంలో అధ్యక్ష పీఠం కూడా చాలలేదు. 1952లో కోటాలను పునరుద్ఘాటించిన చట్టాన్ని సెల్లర్ వ్యతిరేకించారు, ట్రూమన్ తిరస్కరించారు. కాని కాంగ్రెస్ ఆ తిరస్కృతిని తోసిపుచ్చింది. ఆ చట్టకర్తలలో ఒకరైన ఫ్రాన్సిస్ వాల్టర్ సెల్లర్ సంఘంలోనే వలస ఉపసంఘానికి అధ్యక్షుడు. 1963లో వాల్టర్ మరణించారు. అదే ఏడాది అధ్యక్షుడు కెన్నెడీ కోటాల రద్దును ప్రతిపాదించారు. 1964 ఎన్నికలు సభా స్వరూపాన్నే మార్చివేశాయి. చివరకు సెల్లర్, సెనేటర్ ఫిలిప్ హార్ట్ ప్రతిపాదించిన బిల్లుపై 1965 అక్టోబరు 3న స్వేచ్ఛా ప్రతిమ పాదాల చెంత అధ్యక్షుడు జాన్సన్ సంతకం చేశారు. జన్మదేశాన్ని బట్టి ఎంచే పద్ధతి పోయి, కుటుంబ బంధాలు, వృత్తి నైపుణ్యాలు ప్రాతిపదికలయ్యాయి. తూర్పు గోళార్ధంలోని ప్రతి దేశానికీ ఏటా 20,000 వరకు ఒకే పరిమితి ఏర్పడింది.

ఇక్కడొక విచిత్రముంది. అమెరికాలో బంధువులున్న ఆసియావాసులు స్వల్పం గనుక ఆ ఖండం నుంచి వచ్చేవారు ఎక్కువగా ఉండరని సెల్లర్ సభకు నచ్చజెప్పారు. చరిత్ర ఆ అంచనాను తలకిందులు చేసింది. వృత్తి నైపుణ్యంతో తొలుత వెళ్లిన వైద్యులు, ఇంజనీర్లు తర్వాత తమ కుటుంబాలను రప్పించుకున్నారు. 1960లో సుమారు 12 వేలుగా ఉన్న భారత జన్ముల సంఖ్య 1980 నాటికి రెండు లక్షలు దాటింది. వారిలో తెలుగువారూ గణనీయంగా ఉన్నారు. ఉత్తర అమెరికా తెలుగువారి తొలి మహాసభ 1977లో న్యూయార్క్ నగరంలోనే జరగడం గమనార్హం.

జ్యేష్ఠత ఇచ్చిన అధికారానికి మరో ముఖం కూడా ఉంది. స్త్రీ పురుష సమానత్వాన్ని రాజ్యాంగంలో చేర్చాలన్న సవరణ మొదటిసారి కాంగ్రెస్ ముందుకు వచ్చింది కూడా 1923లోనే. శ్రామిక స్త్రీలకున్న రక్షణ చట్టాలు దెబ్బతింటాయన్న కారణంతో సెల్లర్ దానిని తన సంఘంలో ఏళ్ల తరబడి నిలిపివేశారు. 1970లో మార్తా గ్రిఫిత్స్ సభ్యులలో సగానికి పైగా సంతకాలు సేకరించి ఆ సవరణను సంఘం పట్టు నుంచి విడిపించవలసి వచ్చింది. జాతి వివక్షను అంత స్పష్టంగా చూడగలిగిన దృష్టికి ఈ అన్యాయం ఆనకపోవడం విచారకరం.

1972లో పార్టీ అభ్యర్థిత్వానికి జరిగిన ప్రాథమిక ఎన్నికలో ఎలిజబెత్ హోల్ట్స్‌మన్ అనే యువ న్యాయవాది ఆయనతో పోటీ పడ్డారు. 84 ఏళ్ల సెల్లర్ ఆమెను లెక్కచేయలేదు. దాదాపు 600 ఓట్ల తేడాతో ఆయన ఓడిపోయారు. విశేషమేమంటే హోల్ట్స్‌మన్ తర్వాత అదే న్యాయ వ్యవహారాల సంఘంలో సభ్యురాలై, వలస ఉపసంఘానికి అధ్యక్షత వహించి, 1980 నాటి శరణార్థుల చట్టానికి తోడ్పడ్డారు. ఓడించిన వ్యక్తే ఆయన పనిని ముందుకు నడిపించారు.

1981 జనవరి 15న సెల్లర్ తాను పుట్టిన బ్రూక్లిన్‌లోనే మరణించారు. దాదాపు ఏభై ఏళ్ల సభ్యత్వం ఆయనకు రెండు శక్తుల నిచ్చింది: ఓడిన వాదాన్ని నాలుగు దశాబ్దాలు విడువక పట్టుకునే ఓర్పు, న్యాయమైన కోరికను సైతం సొరుగులో ఉంచగల అధికారం. ఆయన జీవితాన్ని పరిశీలించేవారు ఈ రెంటినీ చూడవలసి ఉంటుంది. అయితే 1924లో ఓడిపోయిన ఆ యువ ప్రతినిధి ఆనాడే విసిగి ఊరుకొని ఉంటే, సుబ్బారావుకు ఇరవై మూడేళ్లపాటు మూసి ఉన్న ద్వారం ఆయన తర్వాతి తరాల తెలుగువారికి ఎప్పుడు తెరుచుకొని ఉండేదో ఊహించడం కష్టం.