ఉద్దానం కప్పుల మీద పొగగొట్టం

శ్రీకాకుళం జిల్లా ఉద్దానం తీరంలోని పాత ఇళ్లకు పొగగొట్టం ఉండేది కాదు. తాటాకో గడ్డో కప్పిన పూరింట్లో పొయ్యి పొగ కప్పు సందుల్లోంచే మెల్లగా బయటికి పోయేది. పొగ పట్టిన కప్పుకు పురుగు త్వరగా పట్టదు, ఏటవాలు మీద వాన నీరు నిలవదు. కప్పుకు కన్నమే లేనప్పుడు కారుతుందన్న బెంగా లేదు. దెబ్బతిన్నవి మాత్రం పొయ్యి ముందు కూర్చునే ఆడవాళ్ల కళ్లూ ఊపిరితిత్తులూ.

కప్పుకు కన్నం పెట్టైనా పొగను బయటికి పంపాలన్న ప్రయత్నం తెలుగునాట హైదరాబాదులో గట్టిగా జరిగింది. అక్కడి ఇంజనీరింగ్ పరిశోధనశాలలో ఎస్.పి. రాజు రూపొందించిన పొగలేని పొయ్యికి గొట్టమే ప్రాణం. దానిపై ఆయన రాసిన పుస్తకం 1953లో వచ్చింది. 1980లలో కేంద్రం మెరుగైన పొయ్యిల జాతీయ కార్యక్రమం చేపట్టి, పల్లె వంటిళ్లకు గొట్టాల పొయ్యిలను తీసుకెళ్లింది. అయితే పూరికప్పుకూ గొట్టానికీ పొసగదు. వేడి గొట్టం ఆకును ఆనుకుంటే నిప్పు భయం, చుట్టూ ఖాళీ వదిలితే వాన భయం. 1999లో దీపం పథకంతో మొదలై గ్యాస్ పొయ్యి ఊరూరా చేరాక వంటింటి గొట్టం అవసరం తగ్గిపోయింది.

జీడి ఫ్యాక్టరీల్లో మాత్రం ఆ అవసరం తగ్గలేదు. పోర్చుగీసువారు 16వ శతాబ్దంలో బ్రెజిల్ నుంచి మన దేశానికి తెచ్చిన జీడిమామిడి ఉద్దానం ఇసుక నేలల్లో బాగా పట్టింది. తోటలు పక్కనే ఉండడం, చెన్నై–హౌరా రైలు మార్గం ఊరి మీదుగానే పోవడం పలాస–కాశీబుగ్గ జీడి ఫ్యాక్టరీలకు కలిసొచ్చాయి. అక్కడ జీడిపిక్కలను తిరిగే డ్రమ్ములో కాల్చేవారు. పిక్క పెంకులోని నూనె అంటుకుని, ఆ మంటే తర్వాతి పిక్కలను కాలుస్తుంది. దాని పొగ కట్టెల పొగలాంటిది కాదు. ఘాటుగా ఉంటుంది, నూనె ఆవిరి కలిసి ఉంటుంది, చల్లబడితే గొట్టం లోపల నల్లటి జిగురై పేరుకుంటుంది. అందుకే గొట్టం కప్పు దాటి బాగా పైకి లేవాలి.

చిక్కంతా గొట్టం ఫ్యాక్టరీ కప్పు రేకుల్లోంచి బయటికి వచ్చే చోటే. చూసిన వెంటనే తోచే ఉపాయం చుట్టూ సిమెంటు మెత్తడం. అది నిలవదు. 3 మీటర్ల ఇనుప గొట్టం 200 డిగ్రీల మేర వేడెక్కితే సుమారు 7 మిల్లీమీటర్లు సాగుతుంది, చల్లారితే మళ్లీ కుదించుకుంటుంది. రోజూ ఇలా పైకీ కిందికీ జరిగే గొట్టాన్ని కదలని రేకుకు అతికిస్తే పగులు తప్పదు. తారు పూస్తే వేడికి కరిగి జారుతుంది. ఒకచోట కారడం ఆగేలోపు మరోచోట కారడానికి కారణం ఇదే.

నిలిచే పద్ధతిలో గొట్టాన్నీ కప్పునూ కలపరు. కన్నం చుట్టూ కప్పుకు ఒక రేకు కుత్తిక బిగిస్తారు. దాని పైఅంచు ఎగువ రేకు కిందికి దూరాలి, కిందిఅంచు దిగువ రేకు మీదికి రావాలి. అప్పుడే ఎగువ నుంచి వచ్చే నీరు లోపలికి తిరగదు. గొట్టం కుత్తికకు తగలకుండా మధ్యలోంచి పోతుంది. కుత్తికకు పైన గొట్టానికి గొడుగులా మరో రేకు పట్టీ బిగిస్తారు. గొట్టం సాగినప్పుడు ఆ పట్టీ కూడా దానితో కదులుతుంది, వాన మాత్రం కుత్తిక బయటే పడుతుంది. కన్నం కప్పు శిఖరానికి ఎంత దగ్గరుంటే పై నుంచి వచ్చే నీరు అంత తక్కువ. జీడి ఫ్యాక్టరీలో ఈ పని చిన్నది కాదు. పప్పులో తేమ 5 శాతం దాటకూడదు. ఒక్క ధార పడితే బుట్టెడు పప్పుకు బూజు పట్టొచ్చు.

ఈ తీరంలో వానకు గాలి కూడా తోడవుతుంది. 2013 అక్టోబరు 12న ఫైలిన్ తుఫాను గోపాల్‌పూర్ దగ్గర తీరం దాటింది. 2018 అక్టోబరు 11 తెల్లవారుజామున తిత్లీ తుఫాను పలాస సమీపంలోనే, గంటకు 140 నుంచి 150 కిలోమీటర్ల వేగపు గాలులతో దాటి, టెక్కలి నుంచి కవిటి దాకా కొబ్బరి, జీడి తోటలను కూల్చింది. అలాంటి గాలికి జల్లు అడ్డంగా కొడుతుంది, గొడుగు పట్టీ ఒక్కటే ఆపలేదు. పొడవాటి గొట్టం ఊగి కుత్తికను చీల్చుతుంది. గొట్టాన్ని మూడు వైపులా తీగలతో లాగి కట్టాలి, ఆ తీగలను రేకులకు కాదు, కింది ఇనుప చట్రానికి బిగించాలి. ఉప్పుగాలి మేకులనూ తీగలనూ ముందు తినేస్తుంది.

ఆవిరితో పిక్కలు ఉడికించే పద్ధతి వచ్చిన చోట పిక్కలు మంటలో కాలవు కనుక పొగ చాలా తగ్గింది. అయినా బాయిలర్‌కు గొట్టం కావాలి, కప్పుకు కన్నం తప్పదు. కుత్తిక, పట్టీ, తీగలు ఏటా సెప్టెంబరు లోపలే చూసుకోవాలి. అక్టోబరు గాలి మొదలయ్యాక కప్పెక్కడం ప్రాణాపాయం.